చిట్టి బెళ్లగువ్వ

సంక్రాంతి దినములలో మన పల్లెలయందు ఇంటి చూరులకు క్రొత్త వరికంకుల కుచ్చులు వ్రేలాడదీయు వాడుక కలదు. పిచ్చుకలు వచ్చి ఆ కుచ్చును పట్టుకొని, తలక్రిందులుగా వ్రేలాడుచు, గింజలు ఒలుచుకొని తినును. మా ఇంటి వసారాలో నేటికిని ఏటేట ఒక కుచ్చు కట్టుచున్నాము. ఉద్యోగము నుండి విరమించిన పిదప ఉదయము పూట అచ్చట కుర్చీ వేసికొని కూర్చుండుట నాకు అలవాటైనది. కుచ్చుపై పిచ్చుకలు చేయు సందడి అందరును చూచునదే. ఆ కుచ్చు క్రింద, నేలమీద, మెల్లమెల్లగా నడచుచు, పిచ్చుకలు జారవిడిచిన గింజలను ఏరుకొను మరియొక పక్షిని గమనించువారు తక్కువ. దానికి కుచ్చుపై వ్రేలాడు నేర్పు లేదు. అందుకు తగిన కాళ్ళును లేవు. పైనున్న కంకి జోలికి అది పోదు. రాలిన దానినే తినును. అదియే గువ్వ.

గువ్వ యను పేరు ఒక్క పక్షికే చెల్లదు. పావురముల కుటుంబములోని చిన్న పక్షులు పెక్కింటికి మనవారు ఆ పేరు వాడుదురు. గుంటూరు, ప్రకాశము జిల్లాల మైదానములలో ముఖ్యముగా నాలుగు విధముల గువ్వలు కనబడును. బూడిద వన్నె కలిగి, మెడ వెనుక నల్లని గీత అర్ధచంద్రునివలె నుండునది పెద్ద బెళ్లగువ్వ. మెడ వెనుక నల్లని పట్టీపై తెల్లని చుక్కలు చల్లినట్లుండునది పొడ బెళ్లగువ్వ. పొడ యనగా మచ్చ. మగపక్షికి ఇటుకరంగు దేహముండునది ఎర్రగువ్వ. ఇక నాలుగవది, మన ఇండ్ల ముంగిళ్ళకు అన్నింటికంటె చనువుగా వచ్చునది, చిట్టి బెళ్లగువ్వ. ఈ పాఠము దానిని గూర్చియే.

ఈ పేర్లు నేను కల్పించినవి కావు. థామస్ జెర్డన్ అను ఆంగ్లేయ వైద్యుడు 1840ల కాలమున నెల్లూరులో సివిల్ సర్జనుగా నుండెను. ఆయనకు పక్షులన్న ప్రాణము. 1862 నుండి 1864 వరకు వెలువడిన ‘బర్డ్స్ ఆఫ్ ఇండియా’ అను ఆయన గ్రంథములో ఒక్కొక్క పక్షికి ఈ దేశభాషలలో గల పేర్లు కూడ చేర్చెను. చిట్టి బెళ్లగువ్వ, పొడ బెళ్లగువ్వ, పెద్ద బెళ్లగువ్వ అను మన పేర్లు అందులో ఆంగ్లలిపిలో అచ్చయి యున్నవి. మన పల్లెవారు నోట పలికిన మాటలను ఒక పరదేశి శ్రద్ధగా వ్రాసికొని పోగా, మన పిల్లలిప్పుడు ఈ నాలుగు పక్షులను ఒక్క గువ్వ యను మాటతోనే సరిపెట్టుచున్నారు. పొడ, చిట్టి, పెద్ద అను విశేషణములు ఎంత చక్కని గుర్తులో చూడుడు!

చిట్టి బెళ్లగువ్వ కొననుండి కొనకు సుమారు 25 సెంటీమీటర్లు ఉండును. అందులో తోక పాలు చాల ఎక్కువ. బరువు సాధారణముగా నూరు గ్రాములకు లోపే. వీపు మట్టిరంగు, తల, మెడ, రొమ్ము లేత గులాబి వన్నె, రెక్కల అంచున నీలి బూడిద రంగు పట్టీ. రొమ్ముపై నల్లని చిన్న చిన్న చుక్కలు దండ వేసినట్లుండును; దీనిని పోల్చుటకు అదియే గురుతు. ఆడుదానికిని మగదానికిని రూపములో మనము సులభముగా పట్టగల భేదము లేదు. దాని కూత మెత్తగా, తగ్గుస్థాయిలో, అయిదారు అక్షరములు దొర్లించినట్లుండును. ఆంగ్లేయులకు ఆ ధ్వని నవ్వువలె తోచినది గనుక వారు దానికి నవ్వు గువ్వ యని అర్థము వచ్చు పేరు పెట్టిరి. నాకు మాత్రము ఎన్నడును నవ్వువలె వినబడలేదు. మధ్యాహ్నపు ఎండలో ఎవరో ముసలివారు తమలో తాము మాటలాడుకొనుచున్నట్లు తోచును.

ఇది మన దేశమునకు మాత్రమే పరిమితమైన పక్షి కాదు. స్వీడను దేశపు ప్రకృతి శాస్త్రజ్ఞుడు లిన్నేయసు 1766లో దీనికి శాస్త్రీయ నామము పెట్టినప్పుడు, పశ్చిమ ఆఫ్రికాలోని సెనెగల్ దేశమును బట్టి ‘సెనెగాలెన్సిస్’ అని పిలిచెను. అచ్చటి నుండి అరేబియా మీదుగా మన దేశము వరకు, ఎండయు పొడినేలయు గల తావులందెల్ల ఇది నివసించును. 1898లో ఆస్ట్రేలియా ఖండపు పడమటి తీరముననున్న పెర్తు నగరములో కొన్నింటిని విడువగా, అచ్చటను స్థిరపడినది. పొడినేలపై రాలిన గింజలుండి, సమీపమున త్రాగుటకు నీరున్న చాలును. దానికి మరే వసతియు అక్కరలేదు. ఈ రెండు మాటలను, గింజ, నీరు అనువానిని, గుర్తుంచుకొనుడు. దాని బ్రదుకును దాని చావును ఆ రెండింటిలోనే ఉన్నవి.

గువ్వ నడక మీరెన్నడైన చూచితిరా? అడుగడుగునకు తల ముందునకును వెనుకకును ఊగుచున్నట్లుండును. నిజమునకు తల వెనుకకు పోదు. గువ్వ మొదట తలను ముందునకు చాచి, గాలిలో ఒక్కచోట నిలిపి యుంచును. దేహము దానిని చేరుకొనును. మరల తల చాచును. తల నిలిచిన ఆ క్షణములో కన్నులకు నేల కదలక కనబడును గనుక మట్టిలో కలిసిన చిన్న గింజయు గోచరించును. 1978లో కెనడా దేశములో బారీ ఫ్రాస్టు అను శాస్త్రజ్ఞుడు పావురములను, నిలిచిన చోటనే వెనుకకు జరుగు పట్టాపై నడిపించి చూచెను. కాళ్ళు నడచుచున్నను చుట్టునున్న దృశ్యము మారకపోవుటచే అవి తల ఊపుట మానినవి. కావున ఆ ఊపు కాళ్ళ కొరకు కాదు, కన్నుల కొరకు. నేల చూచి బ్రదుకువానికి చూపు నిలుకడగా నుండవలెను గదా!

ఏరుకొనిన గింజలను గువ్వ నమలదు, పండ్లు లేవు. గొంతు దిగువ నున్న సంచిలో వానిని నింపుకొనును. ఈ సంచి ఉండుటచే అది ఆరుబయట, పిల్లియు డేగయు పొంచియుండు చోట, ఎక్కువసేపు నిలువ నక్కరలేదు. గబగబ ఏరుకొని, ఏ తుమ్మకొమ్మపైననో కూర్చుండి, తీరికగా అరిగించుకొనవచ్చును. అక్కడనుండి గింజలు కందనకాయలోనికి దిగును. గువ్వ మింగిన చిన్న ఇసుక రాళ్ళు అచ్చట తిరుగలివలె పనిచేసి వానిని పిండి చేయును. అప్పుడప్పుడు చీమలను, చెదలను తినుట కలదు గాని దాని ఆహారములో మిక్కిలి భాగము ఎండుగింజలే.

నా బాల్యములో, 1960లలో, మా ఊరి నల్లరేగడి చేలలో జొన్న, వరిగ, కొర్ర పండెడివి. జొన్న పాలుపట్టినది మొదలు మా తండ్రిగారు మంచె ఎక్కి వడిసెలతో చిలుకలను తోలెడివారు. నేనును కూడ పోయెడివాడను. ఒకనాడు మంచె క్రింద సాళ్ళలో తిరుగుచున్న గువ్వలపై నేను రాయి విసరబోగా ఆయన వారించి, “అది కంకి ముట్టదురా, క్రిందిది తినును” అనిరి. ఆ మాట పూర్తిగా నిజము కాదని పెద్దవాడనైన పిదప తెలిసినది. విత్తనము వేసిన దినములలో గింజ పైకి తేలియున్నచో గువ్వ దానిని కూడ ఏరుకొనును. కల్లములో ధాన్యమున్నను తినును. అయినను దాని తిండిలో గొప్ప భాగము మనము పారవేసినదో, మనకు కిట్టనిదో అగును. చేలగట్లపై నుండు గడ్డిగింజలు, ఊద, తుంగ, గురుగు, అడవితోటకూర వంటి కలుపు మొక్కల సన్నగింజలు దానికి భోజనము. రైతు ఏ గింజలు మొలవకూడదని కోరునో వానినే గువ్వ ఏరి కందనకాయలో పిండి చేయుచున్నది.

నాగార్జునసాగరము నుండి 1967లో కాలువలకు నీరు విడిచిన పిదప ఈ మైదానముల పైరులు క్రమక్రమముగా మారినవి. కాలువ అందిన చోట వరి వచ్చినది. మెరకనేలలలో జొన్న, వరిగలు వెనుకకు తగ్గి, ప్రత్తియు మిరపయు విస్తరించినవి. రైతునకు నాలుగు డబ్బులు కండ్లజూచు వీలు వానివలన కలిగినది. ఆ మార్పును తప్పుపట్టువాడను నేను కాను. గువ్వ వైపునుండి చూచినచో మాత్రము సంగతి వేరు. జొన్నచేను కోసిన పిదప నేలపై రాలుగింజ మిగులును. ప్రత్తిచేను తీసిన పిదప ఏమి మిగులును? దూదితో పెనవేసికొనియున్న లావుపాటి గింజ ఆ చిన్న ముక్కునకు లొంగునది కాదు.

మిరప సంగతి వినుడు. మాఘ ఫాల్గుణ మాసములలో కల్లములలో ఎఱ్ఱని తివాసి పరచినట్లు మిరపకాయలు ఎండబోయుదురు. అచ్చట కాయలు తిరుగవేయు కూలీలు తుమ్ములతోను దగ్గులతోను అవస్థ పడుచుండగా గువ్వలు ఆ కాయల నడుమ నిశ్చింతగా తిరుగుచుండును. వానికి ఘాటు తగులదా యని మా విద్యార్థి యొకడు అడిగెను. ఆనాడు నాకు సమాధానము తెలియక, అలవాటైపోయి యుండునని చెప్పి తప్పించుకొంటిని. నిజమైన కారణము ఇది. మిరపకాయలో కాప్సైసిన్ అను పదార్థము కలదు. అది విశేషముగా గింజలు అంటుకొనియుండు లోపలి తెల్లని పొరలో నుండును. మన నాలుకలోని నరముల కొనలపై వేడిని గుర్తించు ఒక ద్వారము కలదు; కాప్సైసిన్ తగులగానే ఆ ద్వారము తెరచుకొని, నిప్పు తగిలినట్లు మెదడునకు కబురు పోవును. డేవిడ్ జూలియస్ అను అమెరికా శాస్త్రజ్ఞుడు 1997లో ఈ ద్వారమును కనుగొనెను. 2021లో ఆయనకు నోబెల్ బహుమానము లభించినది. పక్షులకును ఆ ద్వారము కలదు గాని దాని నిర్మాణములోని స్వల్పభేదముచే కాప్సైసినునకు అది తెరచుకొనదు. వేడి నీరు తగిలిన పక్షికి తెలియును. మిరపకాయ కారము తెలియదు. గుంటూరు కారమునకు చలింపని ప్రాణి మన కల్లములోనే నడయాడుచున్నది.

ఇక నీటి సంగతి. పురుగులను తినువానికి ఆ పురుగులలోనే కొంత నీరు దొరకును. పండ్లు తినువానికి పండ్లలో దొరకును. ఎండుగింజలపై ఆధారపడు గువ్వ దినదినమును నీరు త్రాగి తీరవలెను. కోడి నీరు త్రాగుట మీరు చూచియుందురు: ముక్కుతో ఇంత నీరు తీసికొని, తల పైకెత్తి మింగును. పక్షులు చాలవరకు అట్లే త్రాగును. గువ్వ, పావురము మాత్రము ముక్కును నీటిలో ముంచి, తల ఎత్తకుండ, పశువువలె పీల్చి త్రాగును. కొలది క్షణములలో కడుపు నిండును. ఇదియు పొంచియుండు శత్రువునుండి తప్పించుకొను ఉపాయమే. వాగు గుంట, బోరుబావి క్రింది మడుగు, పశువుల తొట్టి, ఏది దగ్గరనున్న అదే దానికి రేవు. ఏ నీరు మంచిదని చూచుకొను తీరిక దానికి లేదు.

నేను ప్రధానోపాధ్యాయుడనుగా పనిచేసిన ఒక పల్లె పాఠశాలలో, 2009వ సంవత్సరము సెప్టెంబరు నెలలో, వసారా దూలముమీద, గంట వ్రేలాడు కొక్కెమునకు ప్రక్కన, చిట్టి బెళ్లగువ్వల జంట గూడు పెట్టినది. గూడు అనుటకు నోరు రాదు. నలువది పుల్లలకు మించలేదు. క్రిందనుండి చూచిన వెలుతురు కనబడుచుండెను. చాలవరకు ప్రత్తికట్టె కొమ్మలే. మగది ఒక్కొక్క పుల్ల తెచ్చి ఇయ్యగా ఆడుది దానిని తన చుట్టును అమర్చుకొనెను. గంట మ్రోగినప్పుడెల్ల అది ఎగిరిపోవునని మేమనుకొంటిమి. రెండు దినములలో గంటకు అలవాటు పడినది. మా జవాను గంట కొట్టుచుండ కన్నులార్పక చూచుచుండెడిది.

ఎనిమిదవ తరగతి విద్యార్థులు ఒక అట్టపై గడులు గీసి, గూటి దినచర్య వ్రాయుటకు పూనుకొనిరి. వరుసగా రెండు తెల్లని గ్రుడ్లు పెట్టినది. ఉదయము తొమ్మిది పది గంటల వేళ ఒక పక్షి వచ్చి రెండవదానిని లేపి తాను కూర్చుండెడిది. సాయంకాలము మరల మారెడివి. గువ్వల జాతులలో పగటి పొదుగు మగదానిది, రాత్రిది ఆడుదానిది. పదునాలుగవ నాడు పిల్లలు బయటపడినవి. కన్నులు తెరువని, పసుపువన్నె నూగు గల రెండు మాంసపు ముద్దలు.

ఇచ్చట గువ్వల గొప్ప రహస్యము చెప్పవలసియున్నది. పిచ్చుక తాను గింజలు తిన్నను తన పిల్లలకు పురుగులు తెచ్చి పెట్టును. లేత కడుపునకు గింజ అరుగదు, ఎదుగుటకు మాంసకృత్తులు కావలెను. పురుగులు దొరకని ఋతువులో దాని సంసారము సాగదు. గువ్వకు ఈ చిక్కు లేదు. అది పిల్లలకు పాలు ఇచ్చును! గ్రుడ్లు పొదుగబడునప్పటికి తల్లి గొంతుసంచి లోపలి పొర మందమై, ఆ పొరలోని కణములు క్రొవ్వుతోను మాంసకృత్తులతోను నిండి ఊడివచ్చి, జున్నువంటి ముద్ద తయారగును. తల్లికి మాత్రమే కాదు, తండ్రికిని అట్లే అగును. పిల్ల తన ముక్కును తల్లిదండ్రుల నోటిలోనికి చొప్పించి దానిని గ్రహించును. మొదటి నాలుగైదు దినములు దానికి ఆ పాలే ఆహారము. పిదప నానిన గింజలు కొలది కొలదిగా కలియును. 1930ల ప్రారంభములో అమెరికాలో ఆస్కార్ రిడిల్ అను శాస్త్రజ్ఞుడును ఆయన సహచరులును ఈ పాలను ఉత్పత్తి చేయించు స్రావమును పరిశీలించి దానికి ప్రోలాక్టిన్ అని పేరిడిరి. మన తల్లులకు పాలు పడుటకు తోడ్పడు స్రావమును అదియే. చాలకాలము శాస్త్రజ్ఞులు ఆ స్రావపు బలమును పావురము గొంతుసంచి మందమును బట్టియే కొలిచిరి.

గింజయు నీరును దొరకినంతవరకు ఏ మాసములోనైనను గువ్వ పిల్లలను పెంచగలుగుటకు ఈ పాలే కారణము. దాని గూడు పలుచన. కాకి దోచును, గాలికి పడిపోవును. అయినను వెంటనే మరియొక గూటికి పూనుకొనును. గట్టి గూడు కట్టుటకు పది దినములు వెచ్చించుటకంటె, నలువది పుల్లలతో సరిపెట్టి, పోయినచో మరల మొదలిడుటయే దాని మార్గము. సోమరితనమని కొందరు నవ్వుదురు. నేను అట్లు అనను.

పిల్లలు పుట్టిన అయిదవ నాడు పదకొండు గంటల వరకు గూటికి ఏ పక్షియు రాలేదు. ఆ మధ్యాహ్నమే ఎనిమిదవ తరగతి బాలుడొకడు తన పుస్తకముల సంచిలో నుండి నాలుగు చనిపోయిన గువ్వలను తీసి నా బల్లమీద పెట్టెను. పాఠశాల వెనుకనున్న ప్రత్తిచేను గట్టున దొరకినవట. అది వాని తండ్రి చేనే. ఆ నాలుగింటిలో మా గూటి పక్షులున్నవో లేవో చెప్పుటకు గురుతేదియు లేదు. గూటికి మాత్రము సాయంకాలమునకును ఎవ్వరును రాలేదు.

నేనును ఇద్దరు ఉపాధ్యాయులును చేనికి పోయితిమి. ముందునాడు ఆ చేనికి పురుగుమందు కొట్టిరి. పని ముగిసిన పిదప డ్రమ్మును, స్ప్రేయరును గట్టు ప్రక్క గుంటలో కడిగిరి. వాన నీటితో కలిసి అది చిన్న మడుగై యుండెను. దగ్గరకు పోగానే మందు వాసన కొట్టెను. మడుగు చుట్టును గువ్వల అడుగుల గుర్తులు. ఆ రైతు మంచివాడు. చూచి నొచ్చుకొని, “వీటికి పెట్టవలెనని పెట్టలేదు మాస్టారూ! ఎక్కడో ఒకచోట కడుగవలెను గదా” అనెను. అతడు చెప్పినది నిజమే. ఎక్కడ కడుగవలెనో అతనికి ఎవ్వరును చెప్పియుండలేదు.

పిల్లలను బ్రదికించుటకు మేము ప్రయత్నించితిమి. జొన్నలు నానబెట్టి, నూరి, దూదివత్తితో నోటిలో పెట్టితిమి. నీటిచుక్కలు కూడ పోసితిని. అది నా పొరపాటు, గువ్వపిల్ల నోట నీరు పోసినచో ఊపిరితిత్తులలోనికి పోవును. మరునాటి ఉదయమునకు రెండును చనిపోయినవి. అట్టమీది గడులలో ఆరవ నాటి తరువాత ఏమియు వ్రాయలేదు.

అంతకు ఇరువది యేండ్ల ముందునుండియే ఈ మైదానము పురుగుమందులతో పరిచయము గలది. 1980లలో ప్రత్తికి తెల్లదోమ ప్రబలినప్పుడు రైతులు వారము విడిచి వారము మందులు కొట్టినను ఫలితము లేక అప్పులపాలైరి. 2002లో కాయతొలుచు పురుగును ఎదిరించు బీటీ ప్రత్తికి అనుమతి వచ్చిన పిదప ఆ పురుగు కొరకు కొట్టు మందులు కొంతకాలము తగ్గినవి. రసము పీల్చు పురుగుల కొరకు కొట్టునవి మిగిలినవి. ప్రత్తి, మిరప చేలలో విరివిగా వాడిన మోనోక్రోటోఫాస్ అను మందు పక్షులకు మిక్కిలి ప్రమాదకరమైనది. 1995-96లో అర్జెంటీనా దేశములో మిడుతలకై దానిని చల్లగా, చలికాలము గడపుటకు ఉత్తర అమెరికా నుండి అచ్చటికి చేరిన డేగలు వేలకొలది చనిపోయినవి. మన దేశములో 2023లో ప్రభుత్వము మోనోక్రోటోఫాస్ 36 శాతము ద్రావకమును నిషేధించుచు ఉత్తర్వు చేసెను.

మడుగులోని విషము కంటికి కనబడును, ముక్కునకు తెలియును. కనబడని కష్టము వేరొకటి కలదు. కలుపు తీయు కూలి పెరిగినకొలది, కూలీలు దొరకనికొలది, రైతులు కలుపుమందును ఆశ్రయించుచున్నారు. సాళ్ళలోని కలుపుతోపాటు గట్లమీది గడ్డియు మాడిపోవుచున్నది. అట్టి చేలలో విషము త్రాగక బ్రదికిన గువ్వకును తినుటకు గింజ కరవగును.

గువ్వలు ఎన్ని లేవు, వీనికి వచ్చిన ముప్పేమి యని మీరడుగవచ్చును. ఉత్తర అమెరికాలో ప్రయాణపు పావురము అను జాతి ఒకప్పుడు కోట్లకొలది యుండి, ఆకాశమున ఎగురునప్పుడు సూర్యుని కప్పెడిది. వేటచేతను అడవుల నరుకుటచేతను అది నశించి, 1914 సెప్టెంబరు 1వ తేదీన సిన్సినాటి నగరపు జంతుశాలలో మార్తా అను చివరి పక్షి చనిపోయినది. అది పెద్ద గుంపులుగా గూళ్ళు పెట్టి ఒక్కొక్కటే గ్రుడ్డు పెట్టునది. మన గువ్వ ఒడుపు దానికి లేదు. కావున ఆ పోలిక పూర్తిగా చెల్లదు. ఇంగ్లండు దేశపు గువ్వ కథ మనకు దగ్గరది. అది వేసవిలో ఆఫ్రికా నుండి అచ్చటికి వచ్చి గూడు పెట్టు పక్షి. మన గువ్వవలెనే చేలలోని కలుపు గింజలు ఏరుకొని బ్రదుకునది. అచ్చట కలుపుమందులు వ్యాపించి చేలు అద్దమువలె శుభ్రమైనవి. 1970 తరువాత ఆ గువ్వల సంఖ్య పదింట తొమ్మిది పాళ్ళకు మించి తగ్గిపోయినది. ప్రయాణపు మార్గములో వేటగాండ్రు కాల్చుటయు ఇందుకు ఒక కారణము. 2012 నుండి అచ్చటి రైతులు కొందరు, పక్షిప్రియుల సంఘములతో కలిసి, చేని మూలలలో గువ్వ తిను కలుపు మొక్కల విత్తనములనే డబ్బిచ్చి కొని చల్లుచున్నారు. మన రైతునకు ఈ మాట చెప్పినచో నవ్వును.

మన దేశములో 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టము గువ్వలను పట్టుటను చంపుటను నేరముగా చేసినది. ఉండేలు చేతబట్టిన బాలురు ఈ సంగతి ఎరుగరు. అయితే ఉండేలుకు ఒకనాడు ఒక గువ్వ పడవచ్చును. కడిగిన మందుడబ్బా నీటికి ఒక్క పూటలో నాలుగు పడినవి.

మా పాఠశాల గూటి సంగతి ఇంకను కొంత మిగిలియున్నది. ఆ వారములోనే మండల వ్యవసాయాధికారి మా కోరికపై ఊరికి వచ్చి, రచ్చబండ దగ్గర రైతులకు ఒక పద్ధతి చూపెను. ఖాళీ అయిన మందుడబ్బాను కొద్ది నీటితో మూడుసార్లు కడిగి, కడిగిన ప్రతిసారియు ఆ నీటిని స్ప్రేయరులోనే పోసి చేనికే కొట్టవలెను. దానివలన మందు వృథా కాదు, గుంటలోనికి పోదు. స్ప్రేయరు కడిగిన నీటిని కూడ చేనిలోనే చల్లివేయవలెను. మందు వృథా కాదన్న మాట రైతులకు బాగుగా నచ్చినది. విషము పూసిన విత్తనములకు రంగు వేయుట మనుష్యులకు హెచ్చరిక యనియు, పక్షి దానిని చదువలేదు గనుక గట్టున ఒలికిన గింజలను మట్టిలో పూడ్చవలెననియు ఆయన చెప్పెను. ఆ బాలుని తండ్రి తన చేని గుంటను పూడ్చి, బోరు దగ్గర ఒక మట్టిబానను నేలలోనికి సగము దింపి మంచినీరు నింపుటకు ఏర్పాటు చేసెను. అది గువ్వలకొరకా, కూలీల కుక్కకొరకా అని నేనడుగలేదు. రెండును త్రాగెడివి.

అక్టోబరు చివర దూలముమీద మరియొక జంట చేరినది. పాత పుల్లలమీదనే ఇంకొక పది పుల్లలు చేర్చినది. విద్యార్థులు క్రొత్త అట్టపై మరల గడులు గీసిరి. ఈమారు పదునాలుగవ నాడు పిల్లలు బయటపడినవి. పుట్టిన పదునైదవ నాడు ఒకటి, పదునారవ నాడు రెండవది దూలమునుండి వేపచెట్టునకు ఎగిరినవి. ఆ రెండవ నాడు పరీక్ష జరుగుచుండెను. అయినను తరగతి యంతయు కిటికీలవైపు తిరిగినది, నేనేమియు అనలేదు. పాత అట్టను తీసివేయుదమని డ్రిల్లు మాస్టారు అనగా పిల్లలు ఒప్పుకొనలేదు. నేను ఆ ఊరు విడిచి బదిలీపై పోవునాటికి రెండు అట్టలును వసారా గోడమీద ప్రక్కప్రక్కనే యుండెను.